ఆకుపచ్చ సూర్యుడు ఎక్కడి నుంచి వచ్చాడు

చెన్నైలో మేము ఆరుగురం ఆదివారాలు ఒక ఇంట్లో చేరి, పాచికలు వేస్తూ ఒక కల్పిత లోకపు కథను తెలుగులో నడుపుతుంటాం. అందులోని నదులు, కొండలు, రాజ్యాలు, దేవుళ్లు అన్నీ మేము పెట్టుకున్నవే. నెల రోజులుగా ఆ కథలో ఒక తగవు తెగడం లేదు. పడమటి తీరాన ఒక పల్లెలో సూర్యుడు ఆకుపచ్చగా ఉదయించాడు. ఎందుకని అడిగితే కథ నడిపే మిత్రుడు “మాయ” అని ఊరుకున్నాడు. మాయను కారణం అడగకూడదని ముగ్గురు అంటారు. కారణం లేకపోతే రేపు ఏదైనా జరగవచ్చు, అప్పుడు దేనికీ విలువ ఉండదని మిగిలిన ముగ్గురం అంటాం. నా పట్టుదలకు ఆధారాలు మా కథలో లేవు, మేము ఉంటున్న ఈ ఊరి చరిత్రలో ఉన్నాయి.

వింత అంటే ఏమిటో ఆరో శతాబ్దంలోనే జ్యోతిష పండితుడు వరాహమిహిరుడు తన బృహత్సంహిత గ్రంథంలో మూడు మాటల్లో చెప్పాడు: ప్రకృతేః అన్యత్వం ఉత్పాతః. ప్రకృతికి వేరుగా జరిగేదే ఉత్పాతం. పూర్వపు ఋషి గర్గుడు చెప్పినదాన్నే తాను క్లుప్తంగా చెబుతున్నానని కూడా అన్నాడు, అంటే ఆ ఆలోచన అప్పటికే పాతది. ఉత్పాతాల్లో గ్రహాలకు, నక్షత్రాలకు సంబంధించినవి దివ్యాలు. ఉల్కలు, సూర్యచంద్రుల చుట్టూ వలయంలా కట్టే పరివేషాలు, ఆకాశంలో కోటల్లా కనిపించే గంధర్వనగరాలు ఆంతరిక్షాలు. నేల మీద జరిగేవి భౌమాలు. నన్ను ఎక్కువగా ఆకట్టుకున్నది ఆ తర్వాతి భాగం. ఏ ఋతువులో ఏది మామూలో అక్కడ వరసగా చెబుతాడు. వసంతంలో సూర్యుడు ఎర్రగా ఉదయించినా, ఎర్రగా అస్తమించినా, చుట్టూ పరివేషం కట్టినా కీడు కాదు. మామూలు ఏదో ముందు తేల్చుకోనివాడికి వింత కనబడదన్నమాట. మా అమ్మమ్మ ఆ గ్రంథం పేరు కూడా విని ఉండదు. చంద్రుడి చుట్టూ వరదగుడి కట్టిందంటే మాత్రం ఆ రాత్రే డాబా మీది వడియాల చాపలు చుట్టి లోపల పెట్టించేది. ఆమెకు అది భయపడాల్సిన వింత కాదు, వానకు కబురు.

ఇక ఆకుపచ్చ సూర్యుడి సంగతి. 1883 సెప్టెంబరు రెండో వారంలో మద్రాసు జనం అచ్చంగా అదే చూశారు. ఉదయం, సాయంత్రం సూర్యుడు ఆకుపచ్చగా, ఒక్కోసారి నీలంగా కనిపించాడు. ఆ నెల మూడో వారం దాటాక మళ్లీ కనిపించాడు. అప్పట్లో మద్రాసు క్రిస్టియన్ కళాశాలలో భౌతికశాస్త్రం బోధిస్తున్న చార్లెస్ మిచీ స్మిత్, కాంతిని రంగులుగా విడదీసి చూపే వర్ణపటదర్శినిని సూర్యుడి వైపు తిప్పి చూసి, ఎరుపు కొసన కాంతి బాగా తగ్గిపోయిందని రాసి పెట్టాడు. తర్వాత 1899లో మొదలైన కొడైకెనాల్ సౌర పరిశోధనాలయానికి తొలి సంచాలకుడు ఆయనే.

కారణం సముద్రం అవతల ఉంది. ఆగస్టు 26, 27 తేదీల్లో జావా, సుమత్రాల మధ్య క్రకటోవా అగ్నిపర్వతం పేలింది. ముప్పై ఆరు వేల మందికి పైగా చనిపోయారు, ఎక్కువ మంది సముద్రపు అలల వల్లే. పైకి లేచిన ధూళి భూమధ్యరేఖ వెంబడి పడమటికి కదిలి, రెండు వారాల్లో భూమిని చుట్టింది. సెప్టెంబరు 2న కరీబియన్ సముద్రపు ట్రినిడాడ్‌లో సూర్యుడు నీలంగా కనిపించాడు, 5న పసిఫిక్ నడుమ ఉన్న హోనొలులూలో సూర్యుడి చుట్టూ వింత వలయం కనిపించింది. ఆ తర్వాత మన వంతు వచ్చింది. అంటే పొరుగున లేచిన ధూళి మద్రాసు ఆకాశం రంగు మార్చే వేళకు ప్రపంచమంతా తిరిగి వచ్చిందన్నమాట. మాయలో ఇంత పద్ధతిగా నడిచేది ఉంటే నాకు అంతకన్నా కావలసింది లేదు.

గాలి మామూలుగా నీలాన్ని ఎక్కువ చెదరగొడుతుంది, అందుకే వాలిన సూర్యుడు ఎర్రగా ఉంటాడు. ధూళి రేణువులు కాంతి తరంగం పొడవుకు దగ్గరి పరిమాణంలో, పైగా అన్నీ దాదాపు ఒకే కొలతలో ఉంటే లెక్క తిరగబడుతుంది. అప్పుడు ఎరుపు చెదిరిపోయి, ఆకుపచ్చ, నీలం మన దాకా వస్తాయి. రేణువులన్నీ అలా ఒకే కొలతలో ఉండటం అరుదు కనుక ఆ దృశ్యమూ అరుదే. 1950 సెప్టెంబరులో కెనడా అడవుల్లో రగిలిన మంటల పొగ వల్ల స్కాట్లాండ్‌లో నీలి సూర్యుడు కనిపించాడు.

ఆకాశాన్ని చూసి రాసి పెట్టుకోవడం ఈ ఊరికి పాత అలవాటే. నుంగంబాక్కంలో 1792లో కట్టిన పాత ఖగోళ పరిశోధనాలయం తాలూకు రాతి స్తంభం ఇప్పటికీ వాతావరణ కేంద్రం ఆవరణలో ఉంది. వెయ్యేళ్ల తర్వాతి వాళ్లకు కూడా తెలియాలని దాని మీద చెక్కించిన భాషల్లో తెలుగు ఒకటి. నేను ఆ వీధిలో వెళ్లినప్పుడల్లా ఆ మాట గుర్తొస్తుంది.

మిత్రుల వాదన ఎక్కడిదో కూడా నాకు తెలుసు. 1947 జులైలో ఇదే ఊళ్లో పుట్టిన ‘చందమామ’ చదివి పెరిగిన ఇళ్ల పిల్లలం మేమంతా. మాంత్రికుడు చెయ్యి తిప్పితే మనిషి రాయి అవుతాడు, అంతే. కానీ ఆ మాంత్రికుడి ప్రాణం ఏడు సముద్రాల అవతల ఒక చిలుకలో ఉంటుందనీ, చిలుక రెక్క విరిస్తే వాడి చెయ్యి విరుగుతుందనీ చెప్పిందీ మన అమ్మమ్మలే కదా. అది కట్టుబాటు. కథలో ఎంత గొప్ప మాయావి అయినా దాన్ని దాటలేడు.

పోయిన ఆదివారం నేను మా పటం మీద తూర్పు సముద్రంలో ఒక దీవి గీశాను. అక్కడి నుంచి పడమటికి, ఊళ్ల మీదుగా ఎర్ర పెన్సిలుతో ఒక గీత లాగి, ఒక్కో ఊరి పక్కన సూర్యుడు రంగు మారిన రోజు వేశాను. కథ నడిపే మిత్రుడు చాలాసేపు ఆ గీత వైపే చూశాడు. తర్వాత పెన్సిలు అందుకుని, గీత చివరన ఇంకా తేదీ పడని మూడు ఊళ్లలో ఒకదాని చుట్టూ సున్నా చుట్టాడు.