స్టంట్‌కు ఆస్కార్: ముఖం కనపడని మనిషి కథ

2025 ఏప్రిల్ 10న ఆస్కార్ అకాడమీ ఒక ప్రకటన చేసింది. 2027లో విడుదలయ్యే సినిమాల నుంచి స్టంట్ డిజైన్‌కు విడిగా అవార్డు ఇస్తామని, 2028లో జరిగే నూరో వేడుకలో తొలి బహుమతి అందజేస్తామని అందులో చెప్పింది. ప్రకటనకు జోడించిన సినిమా దృశ్యాల్లో ‘ఆర్ఆర్ఆర్’ కూడా ఉండటంతో మనవాళ్ల సంబరమంతా అటు మళ్లింది. రాజమౌళి కూడా తన ఆనందాన్ని పంచుకున్నారు. ఆ సందడిలో తేదీ సంగతి మరుగున పడింది. సరిగ్గా 58 ఏళ్ల కిందట, 1967 ఏప్రిల్ 10న, ఇదే అకాడమీ యాకిమా కానట్ అనే స్టంట్‌మన్‌కు గౌరవ ఆస్కార్ ఇచ్చింది. ఒకసారి గుర్తించిన పనికి విడిగా అవార్డు పెట్టడానికి అంతకాలం ఎందుకు పట్టిందో తెలియాలంటే ఆయన జీవితాన్నే చూడాలి.

కానట్ 1895లో వాషింగ్టన్ రాష్ట్రంలోని కోల్‌ఫ్యాక్స్ దగ్గర పుట్టాడు. పొగరుబోతు గుర్రాలను లొంగదీసే రోడియో పోటీల్లో పేరు తెచ్చుకుని, ఆ పేరుతోనే మూకీ చిత్రాల్లో హీరో అయ్యాడు. అయితే నౌకాదళంలో ఉండగా వచ్చిన ఫ్లూ ఆయన గొంతును దెబ్బతీసింది. మూకీల్లో గొంతుతో పని లేదు కాబట్టి లోపం బయటపడలేదు. టాకీలు రాగానే హీరో వేషాలు పోయాయి. మిగిలింది శరీరం. గొంతు ఇతరులది, దెబ్బలు ఆయనవి అన్నట్టుగా రెండో జీవితం మొదలైంది.

1939లో వచ్చిన జాన్ ఫోర్డ్ ‘స్టేజ్‌కోచ్’ చూసినవారికి ఆ ఘట్టం గుర్తుండే ఉంటుంది. ఆరు గుర్రాల బండి దూసుకుపోతుంటే, వెంట తరుముతున్న అపాచీ తెగ యోధుడు తన గుర్రం మీదినుంచి బండికి కట్టిన ముందు గుర్రాల మీదికి దూకుతాడు. తుపాకీ దెబ్బ తిని వాటి మధ్యకు జారిపోతాడు. కాడి కింది కొయ్యను పట్టుకుని కొంతదూరం ఈడ్చుకుపోయి, చివరికి వదిలేస్తాడు. గుర్రాల డెక్కలు, బండి చక్రాలు ఆయనకు అటూ ఇటూ దాటిపోతాయి. ఆ యోధుడు కానట్. కాసేపటికి పగ్గాల కోసం గుర్రాల వీపుల మీదుగా ముందుకు దూకిన హీరో జాన్ వేన్‌కు డూప్ కూడా ఆయనే. అదే ఏడాది ‘గాన్ విత్ ద విండ్’లో, తగలబడుతున్న అట్లాంటా గుండా బండి తోలింది క్లార్క్ గేబుల్ అని ప్రేక్షకులు నమ్మారు. అక్కడా ఆయనే.

దూకడమే ఆయన విద్య అనుకుంటే పొరపాటు. పడ్డప్పుడు రౌతు పాదం రికాబులో ఇరుక్కుంటే గుర్రం ఈడ్చుకుపోయి చంపేస్తుంది. అందుకని పాదం సులువుగా జారివచ్చేలా ఒక పక్క తెరిచి ఉండే రికాబు తయారుచేశాడు. జాన్ వేన్‌తో కలిసి, పిడికిలి ముఖాన్ని తాకకుండా పక్కనుంచి పోయేలా, కెమెరా కోణం వల్ల మాత్రం గట్టిగా తగిలినట్టు కనిపించేలా కొట్లాటలు తీసే పద్ధతిని సాధన చేశాడు. మన ఫైట్ మాస్టర్లు నేటికీ వాడుతున్నది ఆ కిటుకే. అయితే ఆయన ఖాతాలో అన్నీ మంచి పనులే అని చెప్పలేం. గుర్రం కాళ్లకు తీగ కట్టి పరుగులో బోర్లా పడేసే క్రూరమైన పద్ధతిని ఆయన కూడా వాడాడు. తర్వాత దాన్ని పరిశ్రమ వదులుకోవాల్సి వచ్చింది.

1959 నాటి ‘బెన్‌హర్’లో రథాల పందేన్ని ఆండ్రూ మార్టన్‌తో కలిసి తీర్చిదిద్దింది కానట్. చార్ల్టన్ హెస్టన్‌కు డూప్‌గా రథం తోలింది ఆయన కొడుకు జో. విరిగిపడ్డ రథం మీదుగా ఎగిరినప్పుడు జో ముందుకు పల్టీ కొట్టి, ఎలాగో పట్టు దొరికించుకుని బతికిపోయాడు. గడ్డానికి మాత్రం గాయమైంది. ఆ ప్రమాదాన్ని సినిమాలో అలాగే ఉంచేశారు. ఆ పందెంలో ఒక స్టంట్‌మన్ చనిపోయాడని, అదీ తెరమీద కనిపిస్తుందని ఇప్పటికీ చెప్పుకుంటారు. అది కట్టుకథ. సినిమాకు 11 ఆస్కార్లు వచ్చాయి. రథాల పందేన్ని నడిపినవారికి ఇవ్వడానికి మాత్రం ఏ విభాగమూ లేదు.

1967 గౌరవానికి అకాడమీ రెండు కారణాలు చెప్పింది: స్టంట్‌మన్‌గా సాధించినవి, స్టంట్‌మన్లను కాపాడే పరికరాల రూపకల్పన. ఆ తర్వాత ఒకరిద్దరు వ్యక్తులకు గౌరవ ఆస్కార్లు దక్కాయి. 2012లో స్టంట్‌మన్ హాల్ నీధమ్‌కు, 2016లో జాకీ చాన్‌కు. స్టంట్ కోఆర్డినేటర్ జాక్ గిల్ 1991 నుంచి విభాగం కోసం పోరాడుతూ వచ్చాడు. ఈలోగా టీవీకి ఇచ్చే ఎమ్మీలు 2002లోనే ఆ పని చేసేశాయి. బహుమతి పెడితే పోటీ పడి మరింత ప్రమాదకరంగా దూకుతారన్నది తరచూ వినిపించిన అభ్యంతరం. అది పూర్తిగా కొట్టిపారేయదగ్గది కాదు. ఎముక విరగని మనిషిగా పేరున్న స్టంట్‌మన్ డార్ రాబిన్సన్ 1986లో, 39వ ఏట, అరిజోనాలో షూటింగులో మోటార్ సైకిల్ అదుపు తప్పి చనిపోయాడు. అయితే అప్పటికి అవార్డు లేదు కదా. నాకు అసలు కారణం వేరే ఉందనిపిస్తుంది. హీరోయే దూకాడని ప్రేక్షకుడు నమ్మాలి. డూప్‌ను వేదిక ఎక్కిస్తే ఆ నమ్మకానికి బీటలు పడతాయి.

కొత్త విభాగం పేరులో ‘డిజైన్’ అన్న మాట ఉండటం గమనించాలి. దూకినవాడికన్నా, దూకే పద్ధతిని ఆలోచించినవాడికి అది దగ్గరగా ఉంది. ‘బెన్‌హర్’ 2027లో విడుదలయ్యే సినిమా అయివుంటే, ఆ పేరును బట్టి చూస్తే, ప్రతిమ అందుకోవడానికి తండ్రి మెట్లెక్కేవాడు. పల్టీ కొట్టిన కొడుకు కింద కుర్చీలో కూర్చుని, గడ్డం తడుముకుంటూ చప్పట్లు కొట్టేవాడు.