ఎత్తును కొలిచింది రోడ్డుతో: హైదరాబాద్ పడమటి టవర్ల వెనుక కథ

కోకాపేట నియోపోలిస్‌లో 2021 జులైలో నగరాభివృద్ధి సంస్థ హెచ్‌ఎండీఏ దాదాపు 50 ఎకరాలు వేలం వేస్తే రెండు వేల కోట్ల రూపాయలు వచ్చాయి. అప్పుడు ఎకరా గరిష్ఠంగా 60.20 కోట్లు పలికింది. 2023 ఆగస్టులో రెండో విడత వేలంలో అక్కడే ఒక ప్లాటు ఎకరా 100.75 కోట్లకు పోయింది. అంత పెట్టి కొన్నవాళ్లు ఇరవై అంతస్తులతో ఆపేస్తే గిట్టుబాటు కాదు. ఆపాల్సిన అవసరం లేకుండా చేసిన జీవో ఆ రెండో వేలానికి పదిహేడేళ్ల ముందే వచ్చింది.

స్థలం చాలక నగరాలు పైకి పెరుగుతాయని సాధారణంగా అంటారు. మూడు వైపులా సముద్రం ఉన్న దక్షిణ ముంబై విషయంలో అది చాలావరకు నిజం. హైదరాబాద్‌కు నాలుగు వైపులా నేలే. 158 కిలోమీటర్ల ఔటర్ రింగ్ రోడ్డు లోపలే ఇంకా ఎంతో ఖాళీ ఉంది. అయినా నార్సింగి, పుప్పాలగూడ, కోకాపేట, నానక్‌రామ్‌గూడ వైపు నలభై, యాభై అంతస్తులు లేస్తున్నాయంటే కారణం భూమిలో కన్నా నిబంధనల్లో ఎక్కువ కనిపిస్తుంది.

ఎత్తుగా కట్టే విద్య పాతదే. తాడు తెగినా పడిపోని లిఫ్టును ఎలీషా ఓటిస్ 1850ల్లో న్యూయార్క్‌లో జనం ముందు చూపించాడు. 1885లో షికాగోలో హోమ్ ఇన్సూరెన్స్ భవనం గోడల మీద కాకుండా లోహపు చట్రం మీద పది అంతస్తులు నిలబడింది. ఈ రెండూ కలిశాక మిగిలింది డబ్బు, అనుమతి. హైదరాబాద్‌లో చాలాకాలం ఆ రెండూ లేవు. బషీర్‌బాగ్‌లో బాబూఖాన్ ఎస్టేట్ లాంటివి దూరం నుంచే కనిపించే గుర్తులుగా ఉండేవి. బేగంపేట విమానాశ్రయం చుట్టుపక్కల ఎత్తుకు పరిమితులుండేవి. 1976 నాటి పట్టణ భూపరిమితి చట్టం కింద హైదరాబాద్‌లో ఒకరికి వెయ్యి చదరపు మీటర్లకు మించి ఖాళీ స్థలం ఉండకూడదు. పెద్ద టవరుకు కావాల్సిన అయిదారెకరాలు ఒకచోట చేరడమే కష్టమైంది. (ఆ చట్టం రద్దును ఆంధ్రప్రదేశ్ 2008లో ఆమోదించింది.) ఫ్లాటు కొన్నవాళ్లకు నేలలో ఎంత వాటా, ఉమ్మడి జాగాలు ఎవరివి అన్నది 1987 అపార్ట్‌మెంట్ల చట్టంతో తేలింది. ఆ తర్వాత హిమాయత్‌నగర్, అమీర్‌పేట, కూకట్‌పల్లి వీధుల్లో నాలుగైదు వందల గజాల ప్లాట్లలో చిన్న అపార్ట్‌మెంట్లు వరస కట్టాయి. స్టిల్ట్ ప్లస్ ఫైవ్ (కింద స్తంభాల మధ్య పార్కింగు, పైన ఐదంతస్తులు) అంటే ఇవాళ్టికీ హైదరాబాదీకి అపార్ట్‌మెంటే.

1998లో సైబర్ టవర్స్ ప్రారంభమయ్యాక ఉద్యోగాలు పడమటికి మళ్లాయి. ఆ పడమరలోనే గండిపేట, హిమాయత్‌సాగర్ ఉన్నాయి. వాటి రక్షణకు 1996 మార్చిలో వచ్చిన 111 జీవో 84 గ్రామాల్లో నిర్మాణాలను కట్టడి చేసింది. దాంతో ఐటీ కారిడార్‌కీ, ఆ కట్టడి ఉన్న గ్రామాలకీ మధ్య మిగిలిన సన్నటి పట్టీ మీదే ఒత్తిడంతా పడింది. కోకాపేట సరిగ్గా ఆ అంచునే ఉంది.

అసలు మలుపు 2006 మార్చి 3న వచ్చిన జీవో 86. హైదరాబాద్ రివైజ్డ్ బిల్డింగ్ రూల్స్ అంటే ఇవే. ఈ నియమాలు ఎఫ్‌ఎస్‌ఐ పరిమితిని తీసేశాయి. ఎఫ్‌ఎస్‌ఐ అంటే ప్లాటు విస్తీర్ణానికి ఎన్ని రెట్లు కట్టొచ్చో చెప్పే లెక్క. వెయ్యి గజాల ప్లాటుకు ఎఫ్‌ఎస్‌ఐ రెండైతే అన్ని అంతస్తులూ కలిపి రెండు వేల గజాలే కట్టాలి. ముంబై ద్వీప నగరంలో 1991 నియమాల ప్రకారం నివాసాలకు అది 1.33. హైదరాబాద్‌లో ఆ గీతే లేకుండా పోయింది. దాని స్థానంలో రెండు కొలతలు వచ్చాయి: ముందున్న రోడ్డు వెడల్పు, చుట్టూ వదలాల్సిన ఖాళీ. ఉమ్మడి రాష్ట్రం మొత్తానికీ 2012 ఏప్రిల్‌లో వచ్చిన జీవో 168 కూడా అదే దారిలో నడిచింది. అందులో 21 మీటర్ల లోపు బహుళ అంతస్తుల భవనానికి 12 మీటర్ల రోడ్డు, చుట్టూ 7 మీటర్ల సెట్‌బ్యాక్, అంటే వదిలే ఖాళీ, చాలన్నారు. 55 మీటర్ల ఎత్తుకు 30 మీటర్ల రోడ్డు, చుట్టూ 16 మీటర్లు కావాలన్నారు. ఎత్తు పెరిగేకొద్దీ ఖాళీ పెరుగుతుంది కాబట్టి చిన్న ప్లాటులో టవరు కుదరదు. పెద్ద స్థలం, వెడల్పాటి రోడ్డు రెండూ ఉన్నచోట మాత్రం ఆకాశమే హద్దు.

ఈ కొలతలో ఒక పెద్ద లోటుంది. గేటు ముందు వంద అడుగుల రోడ్డుందా అని నిబంధన చూసింది. ఆ రోడ్డు కింద ఎంత లావు మంచినీళ్ల పైపుంది, మురుగు లైను ఎక్కడికి పోతుంది అన్నవాటితో ఎత్తును ముడిపెట్టలేదు. ఎత్తును బట్టి, మౌలిక సదుపాయాల కోసమని ఇంపాక్ట్ ఫీజు పెట్టారు, వసూలు చేశారు. కానీ ఫీజు కట్టిన రోజు పైపు రాదు. పైపు వచ్చేదాకా నడిచే ఏర్పాటంతా భవనం లోపలే ఉండాలి. టవరులో ఇల్లు కొనేవాళ్లు ముందుగా అర్థం చేసుకోవాల్సింది ఈ సంగతే.

దీనికన్నా ముందు నేల వాటా లెక్క ఉంది. ఎకరా 4,840 గజాలు, 43,560 చదరపు అడుగులు. అందులో నేలకు పది రెట్లు కడితే సుమారు 4.35 లక్షల చదరపు అడుగులు. రెండు వేల అడుగుల ఫ్లాట్లయితే 217 వస్తాయి. ఒక్కో ఫ్లాటుకు అవిభాజ్య వాటా, అందరూ యూడీఎస్ అనేది, 22 గజాలు. అదే 500 గజాల్లో పది ఫ్లాట్ల పాత అపార్ట్‌మెంటులో 50 గజాలు. నలభై ఏళ్ల తర్వాత భవనం కూల్చి మళ్లీ కట్టాల్సి వస్తే చేతిలో మిగిలేది ఈ గజాలే.

ఇక నీళ్లు. మనిషికి రోజుకు 135 లీటర్లు అన్నది ప్రామాణిక లెక్క. వెయ్యి ఫ్లాట్లు, ఇంటికి నలుగురు అనుకుంటే రోజుకు 5.4 లక్షల లీటర్లు. ఇందులో మనిషికి 45 లీటర్లు ఫ్లష్‌కే పోతాయి. దానికి ఎస్‌టీపీలో, అంటే భవనం సొంత మురుగు శుద్ధి ప్లాంటులో, శుద్ధిచేసిన నీటిని వేరే పైపులో ఇస్తే కొత్త నీటి అవసరం 3.6 లక్షలకు తగ్గుతుంది. బోర్లు ఎండి, జలమండలి కనెక్షన్ చాలకపోతే పదివేల లీటర్ల ట్యాంకర్లు రోజుకు 36. నగరం తాగేది ఇప్పుడు ఎక్కువగా కృష్ణా, గోదావరి నీళ్లు. అవి వంద కిలోమీటర్లకు పైగా ప్రయాణించి, మెట్టు మెట్టుగా పంపులెక్కి వస్తాయి. 2024 వేసవిలో పడమట చాలా కాలనీలు ట్యాంకర్ల కోసం ఎదురుచూశాయి.

సంపులోకి నీళ్లొస్తే పని అయిపోదు. పది మీటర్ల ఎత్తు నీరు చదరపు సెంటీమీటరుకు దాదాపు ఒక కిలో ఒత్తిడినిస్తుంది. నలభై అంతస్తుల భవనం 120 మీటర్లనుకుంటే, పై ట్యాంకు నుంచి ఒకే పైపు దించితే కింది ఫ్లాటులో కుళాయి మీద 12 కిలోల ఒత్తిడి పడుతుంది. బాగా తయారైన గీజర్ కూడా సాధారణంగా 8 కిలోలకే తట్టుకుంటుంది. అందుకే భవనాన్ని ఎనిమిది, పది అంతస్తుల జోన్లుగా విడగొట్టి, ప్రతి జోనుకూ పీఆర్‌వీ, అంటే ఒత్తిడి తగ్గించే వాల్వు, పెట్టి మూడు కిలోల దగ్గర నిలుపుతారు. ట్యాంకుకు మరీ దగ్గరగా ఉన్న పై మూడు నాలుగు అంతస్తులది ఎదురు సమస్య. వాటికి ఒత్తిడే చాలదు, విడిగా ప్రెషర్ పంపు కావాలి.

పైపులు పోయే షాఫ్ట్ తలుపు తీసి చూస్తే పీఆర్‌వీ పక్కన ఏం ఉండాలి? ముందొక జల్లెడ, రెండు వైపులా ఒక్కో గేజ్, పక్కనే అలాంటిదే మరో వాల్వు స్టాండ్‌బైగా. బోరు నీళ్ల గట్టిదనానికి తెల్లటి పొలుసు కట్టి జల్లెడ మూసుకుపోతే పగలు నీళ్లు సన్నబడతాయి. అది వెంటనే తెలుస్తుంది, ఫిర్యాదూ వస్తుంది. అసలు ప్రమాదం వాల్వు సీటు అరిగితే. పగలు అందరూ నీళ్లు వాడుతుంటే కింది గేజ్ మూడు దగ్గరే నిలబడుతుంది. అర్ధరాత్రి ఎవరూ వాడనప్పుడు అరిగిన సీటు గుండా పై ఒత్తిడి కొద్దికొద్దిగా అవతలికి జారి, కింది గేజ్ ఏడు, ఎనిమిదికి పెరుగుతుంది. తెల్లారేసరికి ఏదో ఒక ఇంట్లో వాష్‌బేసిన్ కింద కనెక్షన్ పైపు పగిలి హాలంతా నీళ్లు. ప్లంబరు పైపు మార్చి వెళ్లిపోతాడు, పది రోజులకు పక్క ఫ్లాటులో మళ్లీ అదే. గేజ్‌ను రాత్రి రెండు గంటలకు చూడాలి. మెయింటెనెన్స్ రిజిస్టరులో ఆ వేళ రీడింగు ఉందో లేదో అడిగితే ఆ భవనం ఎలా నడుస్తోందో తెలిసిపోతుంది.

వాడిన నీళ్లు దిగేటప్పుడూ చిక్కే. ఎంత ఎత్తు నుంచి పడితే మురుగు అంత వేగంగా వస్తుందని చాలామంది భయం. గాలి ఒరిపిడి వల్ల కొన్ని అంతస్తులకే వేగం ఒక హద్దుకు చేరి ఆగిపోతుంది. సమస్య అడుగున ఉంది. నిలువు పైపు అడ్డంగా తిరిగే చోట నీరు ఒక్కసారి నెమ్మదించి మట్టం పెరుగుతుంది, ముందున్న గాలి నొక్కుకుపోతుంది. అదే పైపుకు మొదటి అంతస్తు బాత్రూమును కలిపి ఉంటే పై ఇళ్ల వాషింగ్ మెషీన్ల నురగ వాళ్ల బాత్రూము నేలలోని నాని ట్రాప్ జాలీలోంచి పైకి పొంగుతుంది. కింది అంతస్తుల లైను విడిగా తీసుకెళ్లడం, మలుపులో ఒకే 90 డిగ్రీల మూలకు బదులు రెండు 45 డిగ్రీల బెండ్లు వేయడం, గాలి పైపును పైదాకా వదలడం దీనికి మందు. కట్టేటప్పుడైతే కొద్దిపాటి ఖర్చు. తర్వాత అయితే ఒక కుటుంబం ఏళ్ల తరబడి పడే నరకం.

ఎస్‌టీపీ దగ్గర మరో లెక్క దాగుంది. 5.4 లక్షల లీటర్లలో 80 శాతం మురుగుగా తిరిగొస్తే 4.3 లక్షలు. ఫ్లష్‌కు 1.8 లక్షలు వాడాక ఇంకా రెండున్నర లక్షల లీటర్లు రోజూ మిగులుతాయి. తోటలు అంత తాగవు. బయట మురుగు లైను లేకపోతే అది నాలాకో, చెరువుకో చేరుతుంది. సగం ఇళ్లే నిండిన తొలి ఏడాది మురుగు చాలక శుద్ధిచేసే బ్యాక్టీరియా చచ్చిపోతుంది. కరెంటు బిల్లు మిగులుతుందని గాలి ఊదే బ్లోయర్లు ఆపితే గంటల్లోనే సెల్లారంతా కంపు.

కట్టే పద్ధతీ మారింది. ఇటుక గోడల స్థానంలో అల్యూమినియం ఫారమ్‌లతో గోడ, స్లాబు కలిపి పోసే మైవాన్ వచ్చింది. పది రోజులకో అంతస్తు లేవడం మామూలైంది. ఇక్కడ గోడే స్తంభం. కరెంటు పైపులు పోతలోనే ఉంటాయి. తర్వాత గోడ కొట్టి కిచెన్ పెద్దది చేసుకుంటానంటే కుదరదు, చేయకూడదు. ఫారమ్‌లను బిగించిన టై రాడ్ల చిల్లులు గోడ నిండా మిగులుతాయి. వాటిని కుంచించుకుపోని గ్రౌట్‌తో నింపకుండా పైపైన పుట్టీ రాస్తే, పై అంతస్తుల్లో గాలి తోసే వానకు లోపలి గోడపై వరస మచ్చలు తేలతాయి. మచ్చలు సమాన దూరంలో ఉంటే తప్పు పెయింటుది కాదు, చిల్లులదే.

పునాది విషయంలో హైదరాబాద్ అదృష్టం చేసుకుంది. కింద గ్రానైటు, భూకంప జోను రెండు, గాలి లెక్కకు సెకనుకు 44 మీటర్లు. విజయవాడ, విశాఖలకు ఆ లెక్క 50. అమరావతిలో రాజధాని అభివృద్ధి సంస్థ సీఆర్‌డీఏ 2018లో ప్రకటించిన హ్యాపీనెస్ట్ 12 టవర్లు, 1,200 ఫ్లాట్ల పథకం. ఆ నల్లరేగడి నేలలో ఎత్తు కట్టడాల పునాదికే పెద్ద శ్రమ. హైదరాబాద్ డ్రాయింగు అక్కడికి పట్టుకెళ్తే పనికిరాదు. 50 మీటర్లు దాటిన భవనాల డిజైనుకు దేశంలో విడిగా ప్రమాణం, ఐఎస్ 16700, వచ్చిందే 2017లో. అప్పటికే మన దగ్గర ఆ ఎత్తు దాటినవి ఎన్నో లేచాయి.

మంటల విషయంలో నిర్మొహమాటంగా మాట్లాడుకోవాలి. హైదరాబాద్ అగ్నిమాపక శాఖ వాడుతూ వచ్చిన బ్రాంటో స్కైలిఫ్ట్, అంటే పైకి సాగే నిచ్చెన వాహనం, 54 మీటర్లు అందుకునేది, అంటే సుమారు 18 అంతస్తులు. ఆపైన ఇంజను ఎంత త్వరగా వచ్చినా బయటి నుంచి ఎవరినీ దించలేరు. భవనమే తనను తాను కాపాడుకోవాలి. పై అంతస్తు హైడ్రెంట్ దగ్గర 3.5 కిలోల ఒత్తిడి, పొగ చొరబడకుండా గాలి నింపే మెట్ల దారి, నిమిషంలో పైకి చేరే ఫైర్ లిఫ్ట్, 24 మీటర్లు దాటాక ఒకటి, ఆపైన 15 మీటర్లకొకటి చొప్పున రెఫ్యూజ్ ఏరియా (మంటలప్పుడు తలదాచుకునే చోటు) అన్నది నేషనల్ బిల్డింగ్ కోడ్ సాధారణ సూత్రం. చంపేది ఎక్కువగా పొగే. 2023 మార్చి 16న సికింద్రాబాద్ స్వప్నలోక్ కాంప్లెక్స్‌లో ఐదో అంతస్తులో చిక్కుకున్న ఆరుగురు యువతీయువకులు ఊపిరాడక చనిపోయారు. అది నలభై అంతస్తుల భవనం కూడా కాదు.

అగ్నిమాపక శాఖ ఎన్‌ఓసీ (అనుమతి పత్రం) వచ్చిన రోజు అన్నీ పనిచేస్తాయి. తర్వాత జరిగేది ఇది: లైనులో ఎక్కడో చిన్న లీకు వల్ల ఫైర్ లైనులో ఒత్తిడి నిలిపే జాకీ పంపు మాటిమాటికీ మొదలవుతుంది, చప్పుడు భరించలేక ఎవరో ప్యానెల్‌ను ఆటో నుంచి మాన్యువల్‌కు తిప్పుతారు, అది అలాగే ఉండిపోతుంది. మెట్ల ఫైర్ డోరుకు గాలి కోసం ఇటుక అడ్డం పెడతారు. ఇంటర్నెట్ కేబుల్ లాగినవాళ్లు షాఫ్టు స్లాబుకు చేసిన కన్నం పూడ్చరు. ఒక్కో కన్నం పై అంతస్తుకు ఒక్కో పొగగొట్టం.

ఇవన్నీ సరిచూసే అవకాశం బిల్డరు నుంచి సంఘం చేతికి నిర్వహణ వచ్చే రోజున ఉంటుంది. నిర్వహణ కోసం పోగుచేసిన కార్పస్ ఫండ్ చెక్కు మీద ఉన్నంత ధ్యాస యాజ్-బిల్ట్ డ్రాయింగుల మీద ఉండదు. అనుమతి పొందిన ప్లాను వేరు, నిజంగా ఏ పైపు ఏ గోడలోంచి పోయిందో చూపే డ్రాయింగు వేరు. పీఆర్‌వీల జాబితా, వాటి సెట్టింగులు, ఫైర్ పంపు టెస్ట్ రికార్డు, ఎస్‌టీపీ డిజైన్ సామర్థ్యం, ట్రాన్స్‌ఫార్మర్, జనరేటర్ల లోడు వివరాలు, లిఫ్టుల లాగ్‌బుక్కులు కాగితం మీద, కంప్యూటర్ ఫైలుగా రెండు రకాలుగానూ తీసుకోవాలి. పదో ఏట ఏ గోడలోనో లైను పగిలినప్పుడు, ఆ పైపు వేసిన ప్లంబింగ్ కాంట్రాక్టరు, మేస్త్రీ ఈ సైటు వదిలి చాలాకాలమై ఉంటుంది.