రిపోర్టులన్నీ నార్మల్, కాలు మాత్రం కదలదు

ఉన్నట్టుండి ఒక కాలు పట్టు తప్పుతుంది. పక్షవాతమేమోనని హడలిపోయి ఆసుపత్రికి తీసుకెళ్తే స్కానింగ్‌లో ఏమీ కనబడదు. ‘ఏం లేదమ్మా, టెన్షన్ తగ్గించుకోండి’ అని పంపించేస్తారు. ఇంటికొచ్చాక అసలు బాధ మొదలవుతుంది. కావాలనే చేస్తోందేమోనని చుట్టాల గుసగుసలు.

ఇది నిజమైన జబ్బే. పేరు ఫంక్షనల్ న్యూరలాజికల్ డిజార్డర్. మెదడుకు దెబ్బ తగలదు గానీ అది పనిచేసే తీరు గాడి తప్పుతుంది. న్యూరాలజిస్టులకు ఇలాంటి కేసులు కొత్తేమీ కాదు.

దీన్ని పట్టుకునే ఒక పరీక్షకు మంచం, డాక్టరు చెయ్యి చాలు. అమెరికా వైద్యుడు చార్లెస్ హూవర్ 1908లో దాన్ని వివరించాడు. రోగిని వెల్లకిలా పడుకోబెట్టి, నీరసించిన కాలి మడమ కింద చెయ్యి పెట్టి ‘కిందికి నొక్కండి’ అంటారు. బలం రాదు. తర్వాత రెండో కాలు ఎత్తమని, దాన్ని పైనుంచి అదిమిపెడతారు. ఒక కాలు ఎత్తబోతే రెండోది దానంతటదే మంచాన్ని కిందికి నొక్కుతుంది. ఒంటికది అలవాటు. అప్పుడు, ఇందాక కదలని ఆ మడమే డాక్టరు చేతిని గట్టిగా నొక్కుతుంది! ధ్యాస ఆ కాలి మీద ఉంటే పట్టు తప్పుతోంది, ధ్యాస మళ్లితే పనిచేస్తోంది.

ఈ పరీక్షను దొంగను పట్టే వలలా వాడిన డాక్టర్లూ ఉన్నారు. ఎడిన్‌బరోకు చెందిన జాన్ స్టోన్ వంటి న్యూరాలజిస్టులు దాన్ని రోగికే చూపించమంటారు: ‘చూశారా, బలం పోలేదు, అందుకే బాగయ్యే అవకాశం ఉంది.’ నా లెక్కలో చికిత్స ఇక్కడే మొదలైనట్టు. ఆపైన ఫిజియోథెరపీ. వెనక్కి నడిపించడం, తాళానికి అడుగులు వేయించడం లాంటివి చేస్తారు. ధ్యాస మళ్లించడమే కిటుకు. కొందరికి కౌన్సెలింగూ కావాలి.

మరి మనసులో ఏదో గాయం ఉండి తీరాలా? అణచుకున్న బాధే ఒంట్లోకి దిగుతుందని మనోవిశ్లేషణకు ఆద్యుడైన ఫ్రాయిడ్ అన్నాడు. కొందరి వెనుక అలాంటి కథ ఉంటుంది, కొందరికి ఉండదు. చిన్న దెబ్బ తగిలిన తర్వాతో, మైగ్రేన్ వచ్చిన తర్వాతో మొదలైనవాళ్లూ ఉన్నారు. అమెరికా మానసిక వైద్యుల గ్రంథం డీఎస్ఎం 2013 కూర్పులో ఈ జబ్బని తేల్చాలంటే మానసిక కారణం చూపించాలన్న షరతును తీసేసింది.

ఇదే మనిషికి రేపు నిజంగా పక్షవాతమూ రావచ్చు. హఠాత్తుగా కాలో చెయ్యో పడిపోతే ముందు ఎమర్జెన్సీకే వెళ్లాలి, మడమ పరీక్ష తర్వాతి సంగతి.