డబ్బు కడితే యాంకర్ అవుతారా? అపోహలు - వాస్తవాలు

గత నెల పెరంబూరు నుంచి ఒక తల్లి, డిగ్రీ చివరి ఏడాది చదువుతున్న కూతుర్ని వెంటబెట్టుకుని మా ఎడిటింగ్ గదికి వచ్చారు. చేతిసంచిలోంచి ఎర్రటి అక్షరాలతో ‘ప్రెస్’ అని అచ్చువేసిన కార్డు తీసి బల్ల మీద పెట్టి, "దీనికీ, యాంకరింగ్ కోర్సుకూ కలిపి 80 వేలు కట్టాం మేడమ్. ఆరు నెలల్లో టీవీలో ఉద్యోగమన్నారు, ఏడాది దాటింది" అన్నారు. కార్డు మీద ఛానెల్ పేరుంది కానీ చిరునామా లేదు. సంతకం కూడా అచ్చులో వచ్చినదే. చెన్నైలో వార్తలు, డాక్యుమెంటరీలు చేస్తున్న ఈ పద్దెనిమిదేళ్లలో ఇలాంటి కార్డులు ఎన్ని చూశానో లెక్క లేదు.

అపోహ: ప్రెస్ కార్డు కొనుక్కుంటే జర్నలిస్టులం అయిపోతాం.

వాస్తవం: ఉద్యోగంలోకి తీసుకున్నాక సంస్థ ఇచ్చే గుర్తింపు కార్డు వేరు, ప్రభుత్వం జర్నలిస్టులకు ఇచ్చే అధికారిక గుర్తింపు (అక్రెడిటేషన్) వేరు, రెండూ అమ్మకానికి ఉండవు. కేంద్ర ప్రభుత్వ పత్రికా సమాచార కార్యాలయం (పీఐబీ) ఇచ్చే అక్రెడిటేషన్‌కు, 2022 మార్గదర్శకాల ప్రకారం, పూర్తికాలం జర్నలిస్టుగా కనీసం 5 ఏళ్ల అనుభవం కావాలి. అనుమతి పొందిన ఉపగ్రహ ఛానెళ్ల జాబితా కేంద్ర సమాచార, ప్రసార మంత్రిత్వ శాఖ వెబ్‌సైటులో ఉంటుంది. వాళ్ల ముందే వెతికి చూశాను, ఆ కార్డు మీది పేరు అందులో లేదు. జీతం ఇవ్వవలసిన సంస్థే అభ్యర్థిని డబ్బు అడిగితే అక్కడ ఉద్యోగమే లేదని దయచేసి గ్రహించండి. నకిలీ కార్డు దగ్గర ఉన్నందుకు తమ మీదే కేసు పెడతారేమోనని ఆ తల్లి భయపడ్డారు. తప్పు మోసపోయినవారిది కాదని చెప్పి, రసీదు భద్రంగా ఉందని తెలిశాక, జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు నా ఎదుటే ఫోన్ చేయించాను.

నిజమైన కార్డుకు కూడా అన్ని తలుపులూ తెరుచుకోవు. మామల్లపురం (మహాబలిపురం) తీరదేవాలయం మీద అరగంట ఎపిసోడ్ చేసినప్పుడు, పురావస్తు శాఖ అనుమతి కోసం తిరిగిన రోజులే షూటింగ్ రోజుల కన్నా ఎక్కువయ్యాయి. అందులో నేను తెర మీద కనిపించింది నాలుగు నిమిషాలు. మిగిలినదంతా చదవడం, శిల్పుల దగ్గర కూర్చుని వినడం, వాయిస్ ఓవర్ తిరగరాయడం.

అపోహ: అందంగా ఉండి ప్రాంప్టర్ (చదవాల్సిన మాటలు చూపే తెర) చూసి చదివితే చాలు.

వాస్తవం: 1983 నవంబరు 14న హైదరాబాదు దూరదర్శన్‌లో తొలి తెలుగు వార్తలు చదివిన శాంతి స్వరూప్ గారికి ప్రాంప్టరే లేదు. 2015 డిసెంబరు చెన్నై వరదల్లో సైదాపేట దగ్గర లైవ్‌లో నిలబడినప్పుడు నాకూ లేదు. కరెంటు లేదు, ఇయర్‌పీస్‌లో మాట తెగిపోతోంది. చెంబరంబాక్కం జలాశయం నుంచి 29 వేల క్యూసెక్కులు వదిలారన్న అధికారిక లెక్క నోటికి వచ్చి ఉండబట్టే నాలుగు మాటలు తడబడకుండా చెప్పగలిగాను.

వయసు మీరితే పని ఉండదన్న మాట డాక్యుమెంటరీలకు వర్తించదు. అక్కడ అనుభవం ఉన్న గొంతునే జనం నమ్ముతారు.

ఆ అమ్మాయికి ఒక పని అప్పగించాను. పెరంబూరు కోచ్ ఫ్యాక్టరీలో పనిచేసి రిటైరైన తెలుగు కార్మికుడిని ఎవరినైనా వెతికి, ఒకటిన్నర నిమిషం ఫోనులో చిత్రీకరించి తెమ్మన్నాను. మూడో రోజే తెచ్చింది. ఫ్యాను హోరులో పెద్దాయన మాట సగమే వినిపించింది. ఫ్యాను ఆపించి మళ్లీ తీసుకురమ్మన్నాను, ఆదివారం వెళ్తోంది.