వేదిక దిగాక మొదలయ్యే ఉద్యోగం: ఒపెరా గాత్ర గురువులపై అపోహలు - వాస్తవాలు

నేను వియన్నాలో గాత్రం నేర్పుతాను. విశాఖలో పదేళ్ళు కర్ణాటక సంగీతం నేర్చుకుని, ఇక్కడికొచ్చి ఒపెరా గాత్రం, అంటే ఆర్కెస్ట్రాతో పాటగా నడిచే పాశ్చాత్య నాటకాల్లో పాడే విద్య, చదువుకున్నాను. తర్వాత కొన్నేళ్ళు జర్మన్ మాట్లాడే ఊళ్ళ థియేటర్లలో కోరస్‌లోనూ చిన్న పాత్రల్లోనూ పాడాను. ఇప్పుడు పూర్తిగా పాఠాలే. ఈ మాట చెప్పగానే మనవాళ్ళలో చాలామంది ఒక్క క్షణం ఆగి మెల్లగా అడుగుతారు: "మరి పాడటం ఎందుకు మానేశారండీ? గొంతుకేమైనా అయిందా?"

ప్రేమతోనే అడుగుతారు. కానీ ఆ ప్రశ్న వెనక ఒక నమ్మకం ఉంది. దానితోనే మొదలుపెడతాను.

అపోహ: పాడే అవకాశం పోయినవాళ్ళే పాఠాలు చెప్పుకుంటారు

రోసా పాపీర్ అని ఒక గాయని ఉండేవారు. వియన్నా పక్కనున్న బాడెన్ ఆమె ఊరు. ఇప్పుడు స్టేట్ ఒపెరా అంటున్న సంస్థ అప్పట్లో రాజుగారి కోర్ట్ ఒపెరా. అందులో 1881 నుంచి మెజో సొప్రానోగా, అంటే ఆడ గొంతుల్లో మధ్య స్థాయి గొంతుతో, పెద్ద పాత్రలు పాడారు. పదేళ్ళు గడిచేసరికి గొంతు దెబ్బతింది. 1891లో వేదిక దిగిపోవాల్సి వచ్చింది. అప్పటికి ఆమెకు ముప్పై దాటి ఎంతో కాలం కాలేదు. పైన చెప్పిన నమ్మకం ప్రకారమైతే ఆమె కథ అక్కడితో ముగియాలి.

1893లో ఆమె వియన్నా కన్సర్వేటరీలో, అంటే సంగీత కళాశాలలో, బోధన మొదలుపెట్టారు. ఆమె దగ్గర చదువుకున్న అన్నా ఫోన్ మిల్డెన్‌బుర్గ్ 1895లో హాంబుర్గ్‌లో బ్రున్‌హిల్డె పాత్రతో రంగప్రవేశం చేసింది. జర్మన్ ఒపెరా స్వరకర్త వాగ్నర్ రాసిన పాత్రల్లో గొంతుకు అతి బరువైన వాటిలో అదొకటి. ఆ అమ్మాయికి 22 ఏళ్ళు. ఆర్కెస్ట్రా నడిపినాయన పేరున్న స్వరకర్త గుస్తావ్ మాలర్. రెండేళ్ళ తర్వాత, 1897లో, ఆ మాలర్ వియన్నా ఒపెరాకి రావడం వెనక కూడా రోసా పాపీర్ చేసిన సిఫారసు ఉంది. ఆ మరుసటి ఏడాది మిల్డెన్‌బుర్గ్ వియన్నాకి వచ్చి, 1916 దాకా ఇక్కడే పాడింది.

కథ అక్కడా ఆగలేదు. మిల్డెన్‌బుర్గ్ 1921 నుంచి మ్యూనిక్‌లో తనే గురువైంది. బారిటోన్‌గా (మగ గొంతుల్లో మధ్య స్థాయి) మొదలుపెట్టి టెనర్‌గా (పై స్థాయి) మారిన డెన్మార్క్ గాయకుడు లౌరిట్స్ మెల్కియోర్ వాగ్నర్ పాత్రల కోసం ఆమె దగ్గర తయారయ్యాడు. 1924లో వాగ్నర్ ఒపెరాల ఉత్సవం జరిగే బైరాయిట్‌లో పాడాడు. ఆ తరంలో వాగ్నర్ టెనర్ అంటే అతనే.

ఇదంతా 1891లో పాడటం ఆపేసిన ఒక మనిషి దగ్గర మొదలైంది. అందుకే "గొంతుకేమైనా అయిందా?" అని ఎవరైనా అడిగితే నేను ఈ కథే చెబుతాను.

అపోహ: గొప్పగా పాడినవాళ్ళు గొప్పగా నేర్పుతారు

పై నమ్మకానికి ఇది తలకిందుల రూపం. నా అనుభవంలో ఎక్కువ నష్టం చేసింది ఇదే.

పాడే మనిషికి తన శరీరం లోపలి స్పర్శ తెలుస్తుంది: ఇక్కడ కంపించింది, అక్కడ తేలికైంది అని. ఆ స్పర్శ ఆమె ఎముకలకూ, ఆమె అంగిలి ఆకారానికీ చెందింది. "నుదుటి దగ్గర పెట్టి పాడు" అని ఆమె చెబితే, ఆమెకు అది అక్షరాలా నిజం. శిష్యురాలు అదే స్పర్శ కోసం వెతుక్కుంటూ గొంతు బిగిస్తుంది. గురువు నేర్చుకోవాల్సింది ఎదుటివారి శరీరాన్ని వినడం. దవడ బిగిసిందా, నాలుక వెనక్కి లాగుతోందా, ఊపిరి ముందే అయిపోతోందా అన్నది శబ్దం విని పట్టుకోవాలి. అది వేరే విద్య. వియన్నా సంగీత విశ్వవిద్యాలయంలో గాత్ర బోధనకు వేరే డిగ్రీ ఉండటానికి కారణం ఇదే. ఆ సంస్థ 1817లో స్వరకర్త సాలియేరి నడిపిన గాన పాఠశాలగా మొదలైంది, అంటే పుట్టుకతోనే అది పాట నేర్పే చోటు.

నా సంగతి చెబుతాను. నేను మొదట చేరిన గురువు మంచి పేరున్న గాయని. నా కింది స్వరాలు కర్ణాటక సాధన వల్ల నిండుగా ఉండేవి. అవి విని మెజో అన్నారు. నాలుగేళ్ళు మెజోగానే పాడాను. ప్రతి సాయంత్రం గొంతు బరువెక్కేది. ఇంకా సాధన చాలడం లేదేమో అనుకునేదాన్ని. తర్వాత వచ్చిన గురువు పదిహేను నిమిషాలు స్కేల్స్ పాడించి, "నువ్వు సొప్రానోవి, తేలిక గొంతు" అన్నారు. సొప్రానో అంటే ఆడ గొంతుల్లో పై స్థాయి. ఆ రోజు బస్సులో ఏడ్చాను.

పేరున్న జర్మన్ సొప్రానో ఎలిజబెత్ ష్వార్ట్స్‌కాప్ఫ్‌కి కూడా దాదాపు ఇదే జరిగిందని తర్వాత చదివాను. బెర్లిన్‌లో ఆమె మొదటి గురువు లూలా మిస్-గ్మైనర్. కచేరీల్లో విడి పాటలు పాడే గాయనిగా చాలా పెద్ద పేరు. ఆవిడ ఈ అమ్మాయిని కింది స్థాయి గొంతుగా తయారుచేయబోయింది. ఆ గొంతులోని ఎత్తును, తేలికను తీసుకొచ్చింది మరియా ఇవోగ్యూన్. ఇవోగ్యూన్ కూడా వేదిక దిగి గురువైన గాయనే. తర్వాత కొంతకాలం వియన్నా అకాడమీలోనూ నేర్పారు.

ఈ వర్గీకరణకు ఇక్కడ ఇంత పట్టింపు ఎందుకని మనవాళ్ళు అడుగుతారు. మన కచేరీలో గాయని తన శ్రుతి తను పెట్టుకుంటుంది. ఐదు ఎక్కువైతే నాలుగున్నరకు దిగుతుంది. ఒపెరాలో ఆ వెసులుబాటు లేదు. స్వరకర్త రాసిన ఎత్తులోనే పాడాలి. పైగా ఇక్కడి ఆర్కెస్ట్రా వియన్నా ఫిల్‌హార్మొనిక్ మామూలు 440కి కాకుండా, ఇంకాస్త ఎత్తుగా 443 హెర్ట్జ్‌కి శ్రుతి చేసుకుంటుంది. మీ గొంతు ఏ వర్గమో, అంటే జర్మన్ థియేటర్ల భాషలో ఏ 'ఫాఖ్' అన్నది, మీకు ఏ పాత్రలు ఇస్తారో నిర్ణయిస్తుంది. గురువు పొరబడితే గొంతుతోపాటు ఉద్యోగం కూడా పక్కదారి పడుతుంది.

అపోహ: ఒపెరా అంటే గట్టిగా అరవడం

స్టేట్ ఒపెరాలో కూర్చునే సీట్లే దాదాపు 1700. నిలబడి చూసేవాళ్ళు వేరే. వాగ్నర్, రిచర్డ్ స్ట్రాస్ ఒపెరాలకైతే వేదిక ముందున్న గుంటలో వంద దాకా వాద్యాలు మోగుతాయి. గాయకుడికి మైకు ఉండదు. బలంతో వంద వాద్యాలను గెలవడం మనిషి వల్ల కాదు.

ఆర్కెస్ట్రా శక్తి ఎక్కువగా 500 హెర్ట్జ్ చుట్టుపక్కల ఉంటుంది, పైకి పోయేకొద్దీ పలుచబడుతుంది. తర్ఫీదైన మగ గొంతులూ, కింది స్థాయి ఆడ గొంతులూ స్వరపేటికకు కాస్త పైన ఉన్న సన్నని గొట్టాన్ని సర్దుకుని, 3000 హెర్ట్జ్ దగ్గర శక్తిని పోగేస్తాయి. వాద్యాలు పలుచబడ్డ ఆ చోటు నుంచి గొంతు బయటికొస్తుంది. మన చెవి కూడా ఆ ప్రాంతంలోనే చురుగ్గా వింటుంది. స్వీడన్ శాస్త్రవేత్త యోహన్ సుండ్‌బెర్గ్ 1970లలో దీన్ని కొలిచి చూపించారు. గురువులు మాత్రం అంతకుముందు ఎన్నో తరాలుగా చెవితోనే దీన్ని నేర్పుతున్నారు.

పై స్థాయి సొప్రానోల లెక్క వేరు. వాళ్ళు స్వరం పైకి వెళ్ళేకొద్దీ నోరు తెరిచి, నోటి గదిని ఆ స్వరానికి సరిపడేలా మార్చుకుంటారు. దానివల్ల అచ్చుల తేడా కరిగిపోతుంది. "పై స్వరాల్లో మాటలు అర్థం కావేంటి?" అని అడిగినవాళ్ళకి జవాబు ఇదే. ఆ ఎత్తులో 'ఇ'ని 'ఇ'గా పలకడం ఎవరివల్లా కాదు.

అపోహ: పొట్టలోంచి పాడాలి

నాభి నుంచి నాదం పుట్టాలని మన దగ్గరా అంటారు. భావంగా ఆ మాట నాకు ఇష్టమే. కానీ పాఠంలో దాన్ని అక్షరాలా తీసుకున్న పిల్లలు పొట్ట బిగబట్టి వస్తారు. డయాఫ్రమ్ ఊపిరి పీల్చే కండరం. దాన్ని చేత్తో తాకలేరు, నేరుగా దాని కదలికను పసిగట్టలేరు. మనం నేర్చుకునేది పీల్చాక పక్కటెముకలు వెంటనే కుంగిపోకుండా, పొట్ట పక్క కండరాలతో ఊపిరిని నిదానంగా వదలడం. ఇటాలియన్ గురువులు దీన్ని 'అప్పొజో' అన్నారు, అంటే ఆనుకోవడం. మొదటి నెల నేను పాట కన్నా 'స్‌స్‌' శబ్దమే ఎక్కువ పట్టిస్తాను.

అపోహ: చల్లనీళ్ళు తాగితే గొంతు పోతుంది, మిరియాల పాలు తాగితే వస్తుంది

మింగినది ఏదీ స్వరతంత్రులను తాకదు. అన్నవాహిక వేరు, వాయునాళం వేరు. మిరియాల పాలు హాయిగా ఉంటే తాగండి, స్వరతంత్రుల మీద పూతలా మాత్రం పనిచేయవు. రోజంతా నీళ్ళు తాగడం, రాత్రి పొద్దుపోయి తిని వెంటనే పడుకోకపోవడం, ఇవి నిజంగా తేడా చూపిస్తాయి. గొంతు బొంగురుపోయి రెండు మూడు వారాలైనా తగ్గకపోతే కషాయాలు ఆపి ఈఎన్‌టీ డాక్టర్‌కి చూపించండి.

స్వరతంత్రులను అద్దంతో చూడవచ్చని కనిపెట్టింది డాక్టర్ కాదు, గాత్ర గురువు. మాన్యుయెల్ గార్సియా 1854లో పంటి డాక్టర్ వాడే చిన్న అద్దంతో, ఎండ వెలుగులో తన గొంతు తనే చూసుకున్నారు. దాన్ని వైద్య పరికరంగా మార్చిన ట్యుర్క్, చెర్మాక్‌ల పేర్లు వియన్నాతో ముడిపడినవే. గొంతు జబ్బులకంటూ ప్రత్యేక క్లినిక్ 1870లో ఇదే ఊళ్ళో మొదలైంది.

అపోహ: చిన్నప్పుడే మొదలుపెట్టకపోతే ఇక లాభం లేదు

హైదరాబాద్ నుంచి, డల్లాస్ నుంచి తల్లులు ఫోన్ చేస్తారు: "పాపకి పదకొండేళ్ళండీ, ఒపెరాకి ఆలస్యమైందా?" అని. అసలు తొందరే లేదు. స్వరపేటిక ఇరవైల్లో కూడా గట్టిపడుతూనే ఉంటుంది. బరువైన పాత్రలకు చాలామంది ముప్పై దాటాకే వస్తారు. మిల్డెన్‌బుర్గ్ లాంటివాళ్ళు అరుదు. పదకొండేళ్ళ పిల్లకి కోరస్‌లో పాడటం, పియానో, వీలైతే కాస్త ఇటాలియన్ చాలు.

హిల్డె జాడెక్ నాజీల వల్ల జర్మనీ వదిలి పాలస్తీనా వెళ్ళి నర్సుగా పనిచేసిన మనిషి. జెరూసలేంలో రోజె పౌలి దగ్గర పాట నేర్చుకున్నారు. పౌలి కూడా వేదికల మీద వెలిగి, గురువైన గాయనే. 1947లో, బాంబులకు స్టేట్ ఒపెరా భవనం కూలిపోయి ఉన్న రోజుల్లో, జాడెక్ వియన్నాలో 'ఐడా' ఒపెరా నాయికగా మొదటిసారి వేదిక ఎక్కారు. అప్పటికి 29 ఏళ్ళు. 1971 దాకా పాడి, ఈ ఊరి కన్సర్వేటరీలో ఎందరికో నేర్పి, 2019లో 101 ఏళ్ళ వయసులో వెళ్ళిపోయారు. తల్లులకు నేను ముందు ఈ పేరే చెబుతాను.

అపోహ: గురువు లేకపోయినా యూట్యూబ్ చాలు

యూలియుస్ పాట్సాక్ గాత్రం సొంతంగా నేర్చుకున్న టెనరే. కానీ ఆయన అంతకుముందు ఇదే వియన్నాలో కంపోజిషన్, కండక్టింగ్ చదివారు. తనను తాను దిద్దుకోగల చెవి అప్పటికే ఉంది. ఆయన కూడా తర్వాత వియన్నాలో, సాల్జ్‌బుర్గ్‌లో గురువయ్యారు. ఆన్‌లైన్ పాఠాలు నేనూ చెబుతాను. వీడియో కాల్ గొంతు హెచ్చుతగ్గులను తనే సమం చేసేస్తుంది, పియానో కలిసి వాయించడం కుదరదు. ఊపిరి, భాష, దవడ పని అక్కడ బాగా జరుగుతుంది. గొంతు పరిమాణం తేల్చడం మాత్రం గదిలోనే.

అపోహ: హీరో పాత్రలు రాకపోతే కెరీర్ విఫలమైనట్టే

కుర్ట్ ఎక్విలుట్స్ 1957 నుంచి 1983 దాకా స్టేట్ ఒపెరాలో ఎక్కువగా చిన్న టెనర్ పాత్రలే పాడారు. స్వరకర్త బాఖ్ ప్యాషన్‌లలో (క్రీస్తు శ్రమల కథను పాడే కృతులు) ఎవాంజెలిస్ట్, అంటే కథ చెప్పే పాత్ర, అంటే ఐరోపాలో చాలామందికి ఆయన గొంతే గుర్తొస్తుంది. గ్రాజ్‌లో, వియన్నాలో ప్రొఫెసర్‌గా నేర్పారు. నెలజీతం, పింఛను, శిష్యులు, గౌరవం: ఒపెరా సంస్థలో స్థిరమైన జీవితం ఎక్కువగా ఇలాగే ఉంటుంది. పోస్టర్ మీద పేరున్నవాళ్ళు కొద్దిమందే.

అపోహ: గురువైతే ఇక పాడటం ఆగిపోయినట్టే

నేను వేదిక మీద పాడిన రోజుల్లో కన్నా ఇప్పుడే ఎక్కువ గంటలు పాడుతున్నాను. ప్రతి శిష్యురాలికీ అదే వాక్యం నాలుగు రకాలుగా పాడి చూపించాలి. ఆమె తప్పు ఎలా వినిపిస్తోందో కూడా పాడి చూపించాలి. గొంతును అలసిపోయేలా చేసేది ఆ రెండోదే. అందుకే రోజుకు ఆరు పాఠాలు మించి పెట్టుకోను. మూడో పాఠం తర్వాత అరగంట ఎవరితోనూ మాట్లాడను. పొద్దున్నే ఎవరూ రాకముందు ఇరవై నిమిషాలు నా కోసం నేను పాడుకుంటాను. ముందు స్కేల్స్, ఆఖరున ఒక మాయామాళవగౌళ వరస.