క్రేడిల్ ఆఫ్ ఫిల్త్: రక్తపిశాచి కథ మలిచిన బాణీ

మెటల్ సంగీతాభిమానుల మధ్య మూడు దశాబ్దాలుగా తెగని తగవు ఒకటుంది. ఇంగ్లండ్‌కు చెందిన క్రేడిల్ ఆఫ్ ఫిల్త్ బ్లాక్ మెటల్ బ్యాండా, గోథిక్ మెటల్ బ్యాండా అన్నదే ఆ తగవు. మెటల్ అంటే బరువైన గిటార్ల రాక్ సంగీతం. అందులో బ్లాక్ మెటల్‌ది వేగం, అరుపు, క్రైస్తవ ద్వేషం; గోథిక్ మెటల్‌ది నెమ్మది, విషాదం. తొలి ఆల్బములను నెత్తిన పెట్టుకునేవారిలో చాలామంది, 2000 తరువాత ఆ బృందం డబ్బుకు ఆశపడి బాణీ మార్చిందని నిష్ఠూరమాడుతుంటారు. బృందం నడిచిన దారిని మొదటి నుంచి చూసుకుంటూ వస్తే ఈ ఆరోపణ సగమే నిజమనిపిస్తుంది. రికార్డింగ్ కంపెనీల ఒత్తిడి కంటే, సభ్యుల రాకపోకల కంటే ఎక్కువగా వాళ్ల సంగీతాన్ని మలిచినది, వాళ్లు తొలి రోజుల్లోనే ఎంచుకున్న రక్తపిశాచి కథావస్తువేనని నా అభిప్రాయం.

1991లో ఇంగ్లండ్ తూర్పు తీరాన ఉన్న సఫోక్‌లో గాయకుడు డానీ ఫిల్త్, అతని మిత్రులు ఈ బృందాన్ని కట్టారు. సరిగ్గా ఆ రోజుల్లోనే నార్వేలో బ్లాక్ మెటల్ రెండో తరం తలెత్తుతోంది. అక్కడి బృందాలు చాలావరకు రికార్డింగును కావాలనే మొరటుగా ఉంచేవి. క్రైస్తవం మీద వారి ద్వేషం పాటలతో ఆగక, 1992 నుంచి చర్చిలను తగలబెట్టేదాకా వెళ్లింది. ఇంగ్లండ్ కుర్రాళ్లకు ఆ సంగీతపు వేగం నచ్చింది, ముఖాలకు తెల్లరంగు, నల్లరంగు పూసుకునే అలవాటు నచ్చింది. అయితే వాళ్లు కథలు తోడుకున్న బావి వేరు. ఇంగ్లిషులో పేరుపడ్డ తొలి రక్తపిశాచి కథ 1819లో అచ్చయింది; దాన్ని రాసిన జాన్ పోలిడోరి, కవి బైరన్‌కు వైద్యుడు. ఆ కథలోని పిశాచ ప్రభువుకు నమూనా బైరనే. తరువాత 1872 నాటికి ఐర్లండ్ రచయిత షెరిడన్ లె ఫాను ‘కార్మిల్లా’ అనే స్త్రీ పిశాచిని సృష్టించాడు. 1897లో బ్రామ్ స్టోకర్ రాసిన డ్రాకులా, ఓడ దిగింది కూడా ఇంగ్లండ్ తూర్పు తీరంలోని విట్బీలోనే. 1950ల చివరి నుంచి హ్యామర్ అనే బ్రిటిష్ సినిమా సంస్థ ఈ సరుకునంతా రంగుల్లో తీసి ఊరూరా చూపించింది.

ఇక్కడ ఒక చిన్న పక్కమాట. చందమామ బేతాళ కథలతో పెరిగిన మనకు శవంలో దూరి కథలు చెప్పే బేతాళుడు తెలుసు గాని, నెత్తురు తాగే దొర తెలియడు. అయినా 1870లో రిచర్డ్ బర్టన్ మన బేతాళ కథలను ఇంగ్లిషులోకి తిరగరాసినప్పుడు బేతాళుణ్ని ‘వాంపైర్’ అనే పిలిచాడు. ఆ కాలపు ఇంగ్లిషు పాఠకుడికి శవాన్ని ఆశ్రయించే ఏ ప్రాణి అయినా ఆ ఒక్క మాటలో ఇమిడిపోయేదన్నమాట.

1994లో కాకోఫోనస్ అనే చిన్న సంస్థ ద్వారా వచ్చిన తొలి ఆల్బం ‘ద ప్రిన్సిపుల్ ఆఫ్ ఈవిల్ మేడ్ ఫ్లెష్’ గరుకుగానే ఉంటుంది. తరువాతి ఆల్బం పనిలో ఉండగా సంస్థతో గొడవ వచ్చింది, బృందం చీలింది, కొందరు బయటికి వెళ్లి ది బ్లడ్ డివైన్ అనే వేరే కుంపటి పెట్టుకున్నారు. ఒప్పందం తీర్చుకోవడానికి డానీ బృందం 1996లో ‘వి ఎంపైర్’ అనే చిన్న రికార్డు ఇచ్చి, మ్యూజిక్ ఫర్ నేషన్స్ సంస్థకు మారింది. ‘ద ఫారెస్ట్ విస్పర్స్ మై నేమ్’ అనే పాట మొదటి ఆల్బంలోనూ ఉంది, ఈ చిన్న రికార్డులోనూ ఉంది. రెండింటినీ పక్కపక్కన పెట్టి వింటే, రెండేళ్లలో వాయిద్యాల పొందిక ఎంత బిగుసుకుందో తెలుస్తుంది.

అదే ఏడాది వచ్చిన ‘డస్క్ అండ్ హర్ ఎంబ్రేస్’ పూర్తిగా పిశాచ లోకపు ఆల్బం; లె ఫాను ప్రభావం దాని నిండా కనిపిస్తుంది. దేవుణ్ని తిట్టే పాటకూ, పిశాచి కథ చెప్పే పాటకూ తేడా ఇక్కడే బయటపడుతుంది. మొదటిదానికి అరుపు, వేగం ఉంటే చాలు. రెండోదానికి కోట కావాలి, రాత్రి కావాలి, మోహం కావాలి, బలయ్యే మనిషి గొంతూ కావాలి. అందుకే గిటార్ల వెనక కీబోర్డులు కోట గోడల్లా లేచాయి. సారా జెజబెల్ డేవా ఆడగొంతు, డానీ కీచుగొంతుకు బదులిచ్చే పాత్ర అయింది. ఆమె 2008 దాకా, నడుమ విరామాలున్నా, ఆ బృందపు ధ్వనిలో విడదీయరాని భాగంగానే ఉంది. వెనామ్ బృందానికి చెందిన క్రోనోస్ కూడా ఈ ఆల్బంలో ఒక పాటకు గొంతు కలిపాడు. బ్లాక్ మెటల్ అన్న పేరే వెనామ్ 1982 ఆల్బం శీర్షిక నుంచి వచ్చింది కాబట్టి, గోథిక్ దారి పట్టిన ఆల్బం మీద బ్లాక్ మెటల్ పెద్దదిక్కు సంతకం పడినట్టే.

1998 నాటి ‘క్రుయల్టీ అండ్ ద బీస్ట్’ దగ్గర కొంత ఎక్కువసేపు ఆగాలి. ఆల్బం మొత్తం ఒకే మనిషి కథ: హంగరీ ప్రభువంశీయురాలు ఎలిజబెత్ బాతొరి. ఎందరో యువతులను చిత్రహింసలు పెట్టి చంపిందన్న అభియోగంపై ఆమెను నేటి స్లొవాకియాలోని చాఖ్తిత్సె కోటలో నిర్బంధించారు. 1614లో అక్కడే చనిపోయింది. యవ్వనం కోసం కన్యల నెత్తురుతో స్నానం చేసేదన్న కథ మాత్రం ఆమె పోయిన వందేళ్లకు పైగా గడిచాక, 1729లో అచ్చయిన ఒక పుస్తకంతో మొదలయింది. చరిత్ర కంటే ఈ కట్టుకథే సినిమాలకూ పాటలకూ పనికొచ్చిందని వేరే చెప్పనక్కరలేదు. ఆల్బంలో బాతొరి మాటలను పలికినది నటి ఇంగ్రిడ్ పిట్. హ్యామర్ సంస్థ 1970లో తీసిన సినిమాలో ఆమె కార్మిల్లా, 1971లో తీసిన ‘కౌంటెస్ డ్రాకులా’లో బాతొరిని పోలిన ప్రభువంశీయురాలు. లె ఫాను పుస్తకం, హ్యామర్ తెర, సఫోక్ కుర్రాళ్ల పాట, మూడూ ఒక్క గొంతులో కలిశాయి. ఇందులో జంట గిటార్ల అల్లిక ఐరన్ మెయిడెన్‌ను గుర్తుచేస్తుంది. ఆ బృందపు పాట ఒకదాన్ని వీళ్లు అప్పట్లో తిరిగి పాడారు కూడా. డ్రమ్స్ ధ్వని పేలవంగా ఉందన్న ఫిర్యాదు మాత్రం ఈ ఆల్బంను ఇరవై ఏళ్లు వెంటాడింది. చివరకు 2019లో బృందమే దాన్ని కొత్తగా మిక్స్ చేసి విడుదల చేసింది.

డ్రమ్మర్ నికోలస్ బార్కర్ 1999లో వెళ్లిపోవడంతో అసలు మలుపు వచ్చింది. అతని స్థానంలోకి స్వీడన్‌కు చెందిన ఏడ్రియన్ ఎర్లాండ్‌సన్, కీబోర్డుల దగ్గరికి మై డయింగ్ బ్రైడ్ బృందంలో వయొలిన్ వాయించిన మార్టిన్ పావెల్ వచ్చారు. ఇంగ్లండ్‌లో గోథిక్ మెటల్‌కు పునాది వేసిన బృందాల్లో మై డయింగ్ బ్రైడ్ ఒకటి. ఆ నెమ్మది, ఆ విషాదం పావెల్ వేళ్లతో పాటే వచ్చాయి. 2000లో వచ్చిన ‘మిడియన్’ క్లైవ్ బార్కర్ నవల ఆధారంగా సాగుతుంది, అందులో నటుడు డగ్ బ్రాడ్లీ కథకుడు. 2003లో సోనీ వంటి పెద్ద సంస్థ డబ్బు పెట్టగా ‘డామ్నేషన్ అండ్ ఎ డే’ కోసం బుడాపెస్ట్ నుంచి నిజమైన వాద్యబృందాన్నీ గాయకబృందాన్నీ తెచ్చుకున్నారు. ఆడంబరం ఎక్కువై కథ చతికిలబడిన ఆల్బం అది. సోనీతో సంబంధం ఆ ఒక్కదానితోనే ముగిసింది.

నిష్ఠూరాలన్నీ పోగుపడ్డది 2004 దగ్గర. రోడ్‌రన్నర్ సంస్థకు మారి చేసిన ‘నింఫెటమిన్’ శీర్షిక గీతంలో లివ్ క్రిస్టీన్ పాడింది. ఆమె నార్వే గాయని. మృదువైన ఆడగొంతునూ మృగం లాంటి మగగొంతునూ జోడించే పద్ధతికి పేరు తెచ్చిన థియేటర్ ఆఫ్ ట్రాజెడీ నుంచి వచ్చింది. బ్లాక్ మెటల్ శుద్ధివాదులకు పుణ్యక్షేత్రమైన దేశమే గోథిక్ బాణీకి ఈ గొంతునూ ఇచ్చిందన్న సంగతిని ఆ వాదులు పెద్దగా తలచుకోరు. ఆ పాట గ్రామీ నామినేషన్ తెచ్చుకుంది, 2005లో పురస్కారం మాత్రం మోటర్‌హెడ్ అనే మరో బృందానికి దక్కింది. 2006 నాటి ‘థార్నోగ్రఫీ’ మరీ ముందుకు పోయి, హెవెన్ 17 అనే పాప్ బృందపు 1983 నాటి హిట్ పాటను కూడా నెత్తికెత్తుకుంది. మార్కెట్ కోసం మారారన్న మాట ఎక్కడైనా అతుకుతుందంటే ఈ ఆల్బంకే. అందులోనూ ‘ద బైరానిక్ మ్యాన్’ అనే పాట ఉంది. ఫిన్లండ్ గాయకుడు విల్లె వాలో గొంతు కలిపిన ఆ పాట, పోలిడోరి కథకు నమూనా అయిన అదే బైరన్ దగ్గరికి మళ్లీ వెళుతుంది.

ఆ తరువాతి కథ త్వరగా చెప్పవచ్చు. 2008లో ఫ్రెంచ్ హంతక ప్రభువు జిల్ ద రే, 2010లో యూదుల పురాణగాథల్లోని స్త్రీ దెయ్యం లిలిత్ కథావస్తువులయ్యారు. వేగం మళ్లీ పెరిగింది. 2014లో అశోక్, రిచ్ షా అనే ఇద్దరు గిటారిస్టులు ఒకేసారి చేరడంతో 2015 నాటి ‘హ్యామర్ ఆఫ్ ద విచెస్’లో తొంభైల నాటి జంట గిటార్ల పొందిక తిరిగి వినిపించింది. ఆ ఆల్బంకు సొంత నేల గాలి కూడా తగిలింది: 1645లో మాథ్యూ హాప్‌కిన్స్ మంత్రగత్తెల వేట సాగింది సఫోక్‌లోనూ, చుట్టుపక్కల జిల్లాల్లోనూ. 2017లో విక్టోరియా రాణి కాలపు మృత్యువ్యామోహం మీద ‘క్రిప్టోరియానా’ వచ్చింది, 2025లో ‘ద స్క్రీమింగ్ ఆఫ్ ద వాల్కిరీస్’ వచ్చింది. ఈ ముప్ఫై ఏళ్లలో మారకుండా ఉన్న సభ్యుడు డానీ ఒక్కడే. అదే 2025 ఫిబ్రవరిలో హైదరాబాద్ శివార్లలోని రామోజీ ఫిల్మ్ సిటీలో పాడి వెళ్లిన ఎడ్ షీరన్ పెరిగింది కూడా సఫోక్‌లోనే. చిన్నప్పుడు తాను ఈ బృందానికి అభిమానినని అతను చెప్పుకున్నాడు.

ఇక మొదటి తగవుకు సాక్ష్యం బృందమే 2016లో బయటపెట్టింది. కాకోఫోనస్‌తో గొడవ వల్ల మూలన పడిపోయిన ‘డస్క్ అండ్ హర్ ఎంబ్రేస్’ తొలి రికార్డింగును, 1995 నాటిదాన్ని, ‘ది ఒరిజినల్ సిన్’ అన్న ఉపశీర్షికతో విడుదల చేశారు. సోనీ ఒప్పందానికి, గ్రామీ నామినేషన్‌కు చాలా ఏళ్ల ముందు, చేతిలో పెద్ద సంస్థ సొమ్ము ఏదీ లేని రోజుల్లో చేసిన ఆ రికార్డింగులోనూ కీబోర్డులు ఉన్నాయి, పాట నడుమ ఆగి చెప్పే మాటలు ఉన్నాయి, కోట ఉంది.