బ్రిటిష్ టీవీలో సహాయ పాత్రలు: అపోహలు - వాస్తవాలు

ఇరవై ఏళ్ళకు పైగా లండన్‌లో ఉంటూ టీవీ ధారావాహికల్లో డాక్టరుగా, పోలీసు అధికారిగా, పెళ్ళికూతురి బాబాయిగా వేషాలు వేస్తున్న నన్ను మనవాళ్ళు అడిగే ప్రశ్నలకు ఇవి నా జవాబులు.

అపోహ: సహాయ నటుడంటే గుంపులో నిలబడేవాడే.

వాస్తవం: ఈ పొరపాటు పేరు వల్ల వచ్చింది. ఇక్కడ 'సపోర్టింగ్ ఆర్టిస్ట్' అంటే మన సినిమావాళ్ళు జూనియర్ ఆర్టిస్టు అనే వ్యక్తి. కథలో పనీ, చెప్పడానికి మాటలూ ఉన్న వేషం వేసేవారు 'సపోర్టింగ్ యాక్టర్'. వీరిని కాస్టింగ్ డైరెక్టరు ఆడిషన్ చేసి ఎంచుకుంటారు. 1930లో ఏర్పడిన నటుల సంఘం ఈక్విటీ కుదిర్చిన ఒప్పందాల వల్ల, ఎపిసోడ్ పునఃప్రసారమైనప్పుడు చాలా సందర్భాల్లో వీరికి అదనపు సొమ్ము అందుతుంది.

అపోహ: ఒక్క సీరియల్ దొరికితే జీవితానికి ఢోకా లేదు.

వాస్తవం: 1960 డిసెంబరు 9న 'కరొనేషన్ స్ట్రీట్' అనే బ్రిటిష్ సీరియల్ తొలి ఎపిసోడ్‌లో కెన్ బార్లోగా కనిపించిన విలియం రోచ్ దశాబ్దాల పాటు ఆ పాత్రలోనే కొనసాగారు కానీ, అలాంటి అదృష్టం బహు అరుదు. ఐదు నెలలు పని లేని ఏడాది నేను లెక్కల ట్యూషన్లు చెప్పాను.

అపోహ: భారతీయులకు దుకాణదారు వేషమే దక్కుతుంది.

వాస్తవం: ఇందులో కొంత నిజముంది. ఒక ఆడిషన్‌లో నన్ను ఇంకాస్త 'భారతీయంగా' పలకమన్నప్పుడు, కాకినాడలో నాటకాలాడి వచ్చిన నా నోటికి సహజమైన యాస చాలదన్నందుకు మనసు చివుక్కుమంది. అయినా 1984లోనే 'ది జ్యువెల్ ఇన్ ది క్రౌన్' టీవీ ధారావాహికలో సయీద్ జాఫ్రీ నవాబుగా, జోహ్రా సెహగల్ లేడీ ఛటర్జీగా నటించారు. ఈనాడు జాతితో నిమిత్తం లేని వేషాలు కూడా మాకు వస్తున్నాయి.

అపోహ: వయసు మీరితే అవకాశం రాదు.

వాస్తవం: 1921లో పుట్టిన నటి లిజ్ స్మిత్‌కు, విడాకుల తరువాత ఇద్దరు పిల్లల్ని పెంచుకుంటూ, హామ్లీస్ బొమ్మల దుకాణంలో పనిచేస్తుండగా దర్శకుడు మైక్ లీ నుంచి పిలుపు వచ్చింది. అప్పటికి ఆమె యాభైకి చేరువలో ఉన్నారు. 1998లో 'ది రాయిల్ ఫ్యామిలీ' అనే హాస్య ధారావాహికలో అమ్మమ్మగా దేశమంతటికీ ఆత్మీయురాలైనప్పుడు ఆమెకు 76 ఏళ్ళు. పండిన ముఖానికి ఈ వృత్తిలో ఉన్న విలువ నాకెంతో ధైర్యాన్నిస్తుంది.

అపోహ: నాలుగు ముక్కలు చెప్పి రావడానికి కష్టమేముంది?

వాస్తవం: కొడుకు మరణవార్తను తల్లికి చెప్పే పోలీసుగా నాకున్నవి నాలుగే వాక్యాలు. 'నిన్న రాత్రి' అన్న మాట దగ్గర టీ కప్పును సాసర్‌లో పెట్టాను. దూరపు షాట్‌లో అలా పెట్టాక, ప్రతి టేక్‌లోనూ అదే మాట దగ్గర, అదే చేత్తో, టీ అంతే మట్టంలో ఉండగా పెట్టాలి, లేదంటే ఎడిటింగ్‌లో షాట్లు అతకవు. తరువాత ఆ తల్లి పాత్రధారిణి క్లోజప్. నేను ఫ్రేములో లేను, కెమెరా పక్కన స్టూలు మీద కూర్చున్నాను. ఆమె చూడవలసింది నా కళ్ళలోకే కనుక, పాఠం అప్పగించినట్టు చదివితే ఆమెకు ఆసరా ఉండదు. ఆమె ఆరు టేకులు చేశారు. ఆరుసార్లూ ఆ వార్తను నేను మొదటిసారి చెబుతున్నట్టే చెప్పాను.